కుడి తొడ ఒకటిన్నర అంగుళం తక్కువ

కర్నూలు వన్ టౌన్‌లో, కొండారెడ్డి బురుజుకి నడిచి వెళ్ళేంత దూరంలో నాది చిన్న టైలరింగ్ షాపు. ఇరవై రెండేళ్లుగా మిషను తొక్కుతున్నా. ఈ జనవరి 6న, సంక్రాంతి జాకెట్లు నలభై దాకా కుట్టాల్సినవి ఉండగా, కేసీ కెనాల్ పక్క రోడ్డులో ఇసుక మీద స్కూటీ జారి కుడి మోకాలి మీద పడ్డాను. మోకాటి చిప్ప రెండు ముక్కలైంది. అదే కాలికి చీలమండ కూడా బెణికింది. పెద్దాసుపత్రిలో ఆపరేషన్ చేసి చిప్పకి వైరు కట్టారు. ఈ రివ్యూ ఆపరేషన్ గురించి కాదు, మార్చి నుంచి నేను వెళ్తున్న ఫిజియోథెరపీ సెంటర్ గురించి. అయిదు స్టార్లకి నాలుగు ఇస్తున్నా. ఆ ఒక్కటీ ఎందుకు కోసేశానో తర్వాత చెప్తా.

సెంటర్ పేరు రాయడం లేదు. అక్కడ ఉన్నవి రెండు మంచాలు, చూసేది ఒక్క ఫిజియో డాక్టరమ్మ. సాయంత్రం అయిదు దాటితే ఇప్పటికే బెంచీ మీద చోటుండదు. రివ్యూ రాస్తానంటే, "అక్కా, పేరు మాత్రం పెట్టొద్దు, ఉన్నవాళ్ళని సరిగ్గా చూసుకోనీ" అంది. మీరు ఏ ఊళ్ళో ఎక్కడికి వెళ్ళినా, నేను ఇక్కడ చెప్పేవి అక్కడ జరుగుతున్నాయో లేదో చూసుకోండి.

ఆపరేషన్ తర్వాత ఆరు వారాలు తొడ నుంచి పిక్క దాకా వచ్చే పొడుగు బ్రేసు వేశారు. కాలు వంచకూడదు, కానీ బ్రేసుతో వాకర్ పట్టుకుని నిలబడొచ్చు, నాలుగడుగులు వేయొచ్చు అన్నారు. పడుకున్నప్పుడు పాదాన్ని పైకీ కిందికీ ఆడిస్తూ ఉండమన్నారు, పిక్కలో రక్తం గడ్డకట్టకుండా. చూడటానికి వచ్చినవాళ్ళు తలా ఒక సలహా ఇచ్చి పోయారు. మా ఆడబిడ్డ అయితే, "వదినా, పుత్తూరు పోయి కట్టు కట్టించుకోనుంటే ఈపాటికి నడిచేదానివి" అని వచ్చినప్పుడల్లా అదే మాట. లోపల వైరు పెట్టుకుని ఇంక పుత్తూరు దాకా ఎందుకమ్మా అని నవ్వి ఊరుకున్నా. మా చిన్నాయన మాలిష్ చేసుకోమని నువ్వుల నూనె సీసా తెచ్చి మంచం కింద పెట్టి వెళ్ళాడు. అది ఇప్పుడు మిషనుకి పనికొస్తుందా అంటే అదీ పనికిరాదు.

ఆరు వారాలకి ఎక్స్‌రే చూసి, ఎముక అతుక్కుంటోంది, ఇక ఫిజియోకి వెళ్ళు అన్నారు. నేను మొదట వెళ్ళింది ఈ సెంటర్ కాదు. ఇంటికి దగ్గరని ఇంకో చోటికి వెళ్ళా. పది సిట్టింగులకి 3,500 ముందే కట్టించుకున్నారు. రోజూ మోకాలి చుట్టూ నాలుగు ప్యాడ్లు అతికించి కరెంటు పెడతారు, చీమలు పాకినట్టు జుమ్మంటుంది. తర్వాత ఎర్ర లైటు. ఫోను చూసుకుంటూ పడుకుంటే అరగంటలో అయిపోతుంది. హాయిగానే ఉండేది, అబద్ధమెందుకు. అయిదో రోజు అక్కడి కుర్రాడు నన్ను బోర్లా పడుకోబెట్టి, "ఆంటీ, కొంచెం ఓర్చుకోండి" అంటూ మడమ పట్టుకుని కాలుని వీపు వైపు ఒక్క నొక్కు నొక్కాడు. కళ్ళు బైర్లు కమ్మాయి. మర్నాటికి మోకాలు కొబ్బరి బోండాం అయింది. మళ్ళీ సర్జన్ దగ్గరికి పరుగు, మళ్ళీ ఎక్స్‌రే. వైరు కదల్లేదు, నా అదృష్టం. మిగిలిన అయిదు సిట్టింగుల డబ్బులు అడిగితే ఇవ్వలేదు. పోతే పోయాయని వదిలేశా.

ఇప్పటి సెంటర్ సంగతి మా షాపుకి వచ్చే ఒక టీచరమ్మ చెప్పింది. ఆటో దిగి చూస్తే మొదటి అంతస్తు. లిఫ్టు లేదు. కాళ్ళు బాగాలేనివాళ్ళు వచ్చే చోటు మెట్ల మీద పెట్టిన మహానుభావులెవరో అని కిందే నిలబడి తిట్టుకుంటున్నా. మా అబ్బాయి పైకి వెళ్ళి చెప్పినట్టున్నాడు, డాక్టరమ్మే కిందికి దిగొచ్చింది. మా పెద్దమ్మాయి కంటే నాలుగేళ్లు పెద్దదేమో, అంతే. మంచం మీద కాదు, ఆ మెట్ల మీదే మొదటి పాఠం. "ఎక్కేటప్పుడు మంచి కాలు ముందు, దిగేటప్పుడు దెబ్బ కాలు ముందు అక్కా" అంది. ఎందుకని అడిగా. ఎక్కేటప్పుడు ఒంటిని పైకి లాగేది ముందు పెట్టిన కాలు, దిగేటప్పుడు ఒంటిని మెల్లగా దించేది వెనక నిలిచిన కాలు. రెండుసార్లూ బరువు పని మంచి కాలికే పడాలి. పంతొమ్మిది మెట్లు. ఒక్కో మెట్టుకీ రెండు పాదాలూ ఆనించి, రెయిలింగ్ పట్టుకుని ఎక్కేసరికి చెమటలు పట్టాయి.

ఆ రోజు గంటసేపు ఉన్నాను. ఒక్క మిషనూ పెట్టలేదు. డిశ్చార్జి కాగితం చదివింది, రెండు ఎక్స్‌రేలూ వెలుతురుకి పెట్టి చూసింది, సర్జన్ గారికి ఫోను చేసి ఎంతవరకు వంచొచ్చో, బరువు ఎంత పెట్టొచ్చో అడిగింది. తర్వాత నన్ను అడిగిన మొదటి ప్రశ్న: "ఈ కాలితో నీకు ఏం పని కావాలక్కా?" మిషను తొక్కాలమ్మా అన్నాను. అది రాసుకుంది. రెండు స్కేళ్ళని ఒక చోట మేకు కొట్టి కలిపినట్టుండే ప్లాస్టిక్ కొలత ఒకటుంది, దాన్ని మోకాలి పక్కన ఆనించి చూసింది. 58 డిగ్రీలు వంగింది. మామూలుగా నడవడానికి 60, 65 చాలట. కుర్చీలోంచి చేతులు ఆనించకుండా లేవడానికి 90 దాటాలి. వ్యాయామం సైకిలు పెడల్ పూర్తిగా ఒక చుట్టు తిరగాలంటే 105, 110. మన మరుగుదొడ్డి మీద కూర్చోవడానికి 130 పైన. అప్పటిదాకా నాకు "వంగుతోంది, వంగట్లేదు" అని రెండే ఉండేవి. మధ్యలో ఇన్ని స్టేషన్లున్నాయని తెలిశాక టెన్షన్ సగం తగ్గింది. ప్లాస్టిక్ కమోడ్ స్టూలు కొని పెట్టుకోమంది, ఆ రోజే కొన్నాం.

తర్వాత టేపు తీసింది. రెండు తొడలూ ఎంత ఉన్నాయో చూడాలట, కండ ఎంత కరిగిందో తెలియడానికి. మోకాలి పైన ఉజ్జాయింపుగా ఒక చోట చుట్టబోయింది. ఆగమ్మా అన్నాను. కొలతల దగ్గర నేను ఊరుకోలేను. తొడ కింద సన్నం, పైకి పోయేకొద్దీ లావు. ఇవాళ ఇక్కడ పెట్టి, పది రోజుల తర్వాత అరంగుళం పైన పెడితే కండ పెరగకుండానే పెరిగినట్టు కనిపిస్తుంది. నా సంచీలో మార్కింగ్ సుద్ద ఎప్పుడూ ఉంటుంది. చిప్ప పై అంచు నుంచి నాలుగంగుళాలు కొలిచి రెండు కాళ్ళకీ గీత గీశా. టేపు బిగించకూడదు, వేలాడనివ్వకూడదు, చర్మాన్ని తాకి ఊరుకోవాలి. డాక్టరమ్మ నవ్వి, "పెన్నుతో గుర్తు పెట్టేదాన్నే అక్కా, ఇవాళ తొందరలో మర్చిపోయా, దొరికిపోయా" అంది. ఎడమ తొడ 19. కుడి తొడ పదిహేడున్నర. రెండు నెలలు కాలు కదపనందుకు ఒకటిన్నర అంగుళం కండ పోయింది. జాకెట్టుకైతే ఖర్చు లేకుండా కుట్టు విప్పి సరిచేస్తాం. దీనికి ఏం విప్పాలి?

విప్పేదేమీ లేదు, కట్టాలి. మోకాలి కింద తువ్వాలు చుట్ట పెట్టి, మోకాలితో దాన్ని మంచానికి నొక్కి, అయిదు లెక్కపెట్టి వదలాలి. చెప్పడానికి ఇంతే. నేను నొక్కుతున్నాననుకుంటున్నా, ముఖం ఎర్రబడుతోంది, తొడ కదలట్లేదు. నా చేయి తీసి ఎడమ తొడ మీద పెట్టి, ఇప్పుడు ఆ కాలు నొక్కు అంది. చేతి కింద కండ రాయిలా బిగిసింది. అదే చేయి కుడి తొడ మీద పెడితే నానబెట్టిన లైనింగ్ గుడ్డ. కండకి బలం తగ్గడమే కాదట, మోకాలు వాచి ఉన్నప్పుడు మెదడు నుంచి ఆ కండకి పోయే ఆర్డరే మందగిస్తుందట. ఇంటికి వచ్చి గంటకోసారి చేయి పెట్టుకుని నొక్కుతూ కూర్చున్నా. మూడో రోజు మధ్యాహ్నం చేతి కింద ఏదో చిన్నగా గట్టిపడింది. మా ఆయన్ని పిలిచి చూపించా. ఆయనకేం అర్థం కాలేదు, తలూపాడు.

ఆ తర్వాతవి ఒక్కొక్కటే వచ్చాయి. ఇంట్లో నేలకి పరిచిన బేతంచెర్ల బండల మీద కూర్చుని మడమ కింద పాలిథీన్ కవర్ పెట్టి, మడమని నా వైపు లాక్కోవడం. బండ నున్నగా ఉంటుంది కాబట్టి బాగా జారుతుంది, ఎవరూ నొక్కక్కర్లేదు, నా కాలు నేనే వంచుకుంటా, ఎక్కడ ఆపాలో నాకే తెలుస్తుంది. కాలు నిటారుగా పెట్టి పైకెత్తడం. ముందు ఊరికే, తర్వాత చీలమండకి గుడ్డసంచీలో అరకిలో ఉప్పు, ఏప్రిల్ చివరికి కిలో. బరువు పట్టీలు షాపులో ఉన్నాయి కానీ ఉప్పు ప్యాకెట్ ఇంట్లోనే ఉందిగా. రబ్బరు బ్యాండు కూడా అంతే. సెంటర్లో పసుపు, ఎరుపు, ఆకుపచ్చ, నీలం వరసగా ఉంటాయి, పసుపు అన్నిటికంటే మెత్తన. ఇంట్లోకి నేను పంక్చర్ షాపులో పాత సైకిల్ ట్యూబు 20 రూపాయలకి తెచ్చుకున్నా. వాసన భరించలేక రెండుసార్లు సర్ఫ్‌లో కడిగి, పైన గుడ్డ తొడుగు కుట్టా. చీలమండ బెణుక్కి ఆ ట్యూబే, పాదాన్ని నాలుగు వైపులా లాగుతూ. ఇంకొకటి, ఆ చీలమండ కోసమే, వంటగట్టు పట్టుకుని ఒంటికాలి మీద నిలబడటం. మొదటి రోజు నాలుగు సెకన్లు. కుక్కర్ మూడు విజిళ్ళ మధ్య ఎన్నిసార్లు నిలబడగలనో చూసేదాన్ని.

నొప్పికి ఆమె దగ్గర ఒక లెక్క ఉంది. సున్నా నుంచి పది. వ్యాయామం చేస్తుంటే మూడు దాకా నొప్పి ఉంటే చేసుకో. నాలుగైదు అయితే లెక్క తగ్గించు, లేదా తక్కువ వంచు. సూది పొడిచినట్టు ఉన్నట్టుండి వస్తే అక్కడే ఆపు. కానీ అసలు తీర్పు అప్పుడు కాదు, మర్నాడు పొద్దున అంటుంది. లేచి మంచం దిగక ముందు మోకాలు చూసుకోవాలి. నిన్నటిలాగే ఉంటే నిన్న చేసింది సరిపోయింది. వాచినా, వెచ్చగా ఉన్నా, నొప్పి నిన్నటి కంటే ఎక్కువున్నా నిన్న మోతాదు మించింది. నాకైతే టేపు ఉంది కదా, చిప్ప నడిమధ్య చుట్టి గోడ మీద క్యాలెండర్లో రోజూ రాసుకున్నా. నొప్పి గురించి నాకు నేను అబద్ధం చెప్పుకోగలను, టేపుకి చెప్పలేను.

అలా రోజూ టేపుతో కొలుచుకున్నా కాబట్టే ఉగాది ముందు దొరికిపోయా. ఎవరూ ఇంట్లో లేని సమయం చూసి రెండు గదులూ కడిగా, చిన్న పీట మీద కూర్చుని గడపలకి పసుపు పూశా. చేసేటప్పుడు నొప్పి రెండే. శరీరం వేడి మీద ఉంది కదా. తెల్లారి చూస్తే టేపు అరంగుళం ఎక్కువ. భయపడుతూ వెళ్ళి చెప్పా. తిట్టలేదు. రెండు రోజులు నొక్కుడు వ్యాయామం, పాదం ఆడించడం మాత్రమే చేయమంది. ఐసు ముక్కలు తడి తువ్వాలులో చుట్టి పావుగంట, రోజుకి మూడుసార్లు. ఐసు నేరుగా చర్మం మీద పెడితే కాలినట్టు అవుతుంది, వాపు మీద వేడి కాపడం వద్దు. మూడో రోజు మళ్ళీ మొదలు, కానీ సగం లెక్కతో. పూర్తిగా మాన్పించేస్తుందేమో అనుకున్నా నేను. మానిపిస్తే మళ్ళీ తొడ కరుగుతుందట. ఉగాది పచ్చడి మా కోడలు కలిపింది, వేపపువ్వు ఎక్కువైంది.

బ్రేసు గురించి ఒక మాట. పొడుగు బ్రేసు తీసేశాక పక్కన కీళ్ళున్న బ్రేసు కొన్నా, మెడికల్ షాపులో. ఎంతవరకు వంగాలో పక్కన చిన్న చక్రంతో లాక్ చేసుకోవచ్చు, ఆ ఏర్పాటు బాగుంది. కానీ మన కర్నూలు ఎండలకి లోపలి రబ్బరు స్పాంజి పులిసిపోతుంది. ఏప్రిల్లో మోకాలి వెనక పేలి, దురద. పాత మల్లు గుడ్డతో తొడ నుంచి పిక్క దాకా గొట్టంలా తొడుగులు మూడు కుట్టుకున్నా, బ్రేసు లోపల వేసుకుని రోజుకి రెండు మార్చుకునేదాన్ని. కుట్టు బయటికి వచ్చేలా కుట్టాలి, లేకపోతే ఆ గీత చర్మం మీద అచ్చు పడుతుంది. వెల్క్రో పట్టీలు రెండు నెలలకే పట్టు వదిలేశాయి, కొత్త వెల్క్రో మీటరు కొని నేనే వేసుకున్నా. అంత డబ్బు పోసిన వస్తువుకి అంత నాసి వెల్క్రో వేయడం ఏం పద్ధతో. మామూలు మోకాలి తొడుగు (నీ-క్యాప్) కూడా ఒకటి కొన్నా. వేసుకుంటే ధైర్యంగా ఉంటుంది, అంతకు మించి ఏమీ చేయదు. డాక్టరమ్మ కూడా, "వేసుకో, కానీ రాత్రి తీసెయ్. కండ పని ఇదేం చేయదు" అంది.

చేతికర్ర పట్టుకునేది కూడా నాకు తప్పే అలవాటైంది. దెబ్బ కుడి కాలికైతే కర్ర ఎడమ చేతిలో ఉండాలి. నేను కుడి చేత్తో పట్టుకుని కుడి కాలు మీదే ఒరిగి నెల నడిచా, నడుం పట్టేసింది. నిలబడి చేయి కిందికి వదిలితే మణికట్టు ముడత దగ్గరికి కర్ర పిడి రావాలి. ఇప్పుడు బస్టాండులో ఎవరిని చూసినా కర్ర ఏ చేతిలో ఉందా అనే చూస్తున్నా. ముగ్గురిలో ఇద్దరు తప్పే.

అక్కడ బెంచీ మీద కూర్చోవడం వల్ల నాకు తెలిసినవి కూడా తక్కువ కాదు. కబడ్డీ ఆడే డిగ్రీ కుర్రాడొకడు, మోకాలి లోపల ఎముకల్ని కట్టి ఉంచే లిగమెంటు తెగితే తొడ వెనక కండని ఎముకకి పట్టి ఉంచే స్నాయువు తీసి కొత్తది వేశారు. నాలుగో నెలకే గెంతుతున్నాడు, దసరా టోర్నమెంటుకి పంపమని రోజూ గొడవ. తొమ్మిది నెలలకి ముందు కుదరదంటుంది ఈమె. "నొప్పి లేదు కదా మేడం" అంటాడు. వేసిన స్నాయువు మొదటి నెలల్లో గట్టిపడే ముందు బలహీనపడుతుందట, లోపల రక్తనాళాలు పెరిగి అది నిజం లిగమెంటుగా మారడానికే అన్ని నెలలు. వాడికి అర్థం కావట్లేదని నేను చెప్పా: ఇప్పుడు నీది కచ్చా కుట్టు బాబూ. వేసుకుని అద్దంలో చూసుకోవడానికి బాగుంటుంది, వేసుకుని బస్సెక్కితే పిగిలిపోతుంది. ఒంటికాలి గెంతులో దెబ్బ కాలు మంచి కాలికి తొంభై శాతం దూరం రావాలని నేల మీద టేపు వేసింది. వాడు మొన్న డెబ్బై ఎనిమిది గెంతాడు. టోర్నమెంటు మాట ఆ రోజు ఎత్తలేదు.

ఇంకో రోజు, కాలికి రాడ్డు వేయించుకున్న పెద్దాయన ఒకాయన వచ్చాడు. పిక్క నొప్పిగా ఉంది, కాస్త మసాజ్ చేయమ్మా అన్నాడు. ఆమె రెండు పిక్కలూ చేత్తో తాకి చూసింది. ఒకటి వాచి, ఎర్రగా, వెచ్చగా ఉంది. చేతులు వెనక్కి తీసుకుంది. మసాజ్ లేదు, వ్యాయామం లేదు, ఫీజు కూడా తీసుకోలేదు. కొడుకుని పిలిచి, ఇప్పుడే ఆసుపత్రికి వెళ్ళి డాప్లర్ స్కాన్ తీయించండి, ఆయాసం వస్తే ఇంకా తొందరగా అని ఆటో ఎక్కించింది. లోపల రక్తం గడ్డకట్టి ఉందని రెండు రోజుల తర్వాత కొడుకు వచ్చి చెప్పి వెళ్ళాడు. అది ఊపిరితిత్తులకి పోతే ప్రాణం మీదికే వస్తుందట. ఆ రోజు నాకు నాలుగు స్టార్ల లెక్క ఖాయమైంది. మా చిన్నాయన తెచ్చిన నూనె సీసా గుర్తొచ్చి ఒళ్ళు జలదరించింది కూడా.

మోకాలి మార్పిడి చేయించుకున్న ఒక ముస్లిం పెద్దమ్మ వస్తారు. నమాజుకి మోకాళ్ళ మీద కూర్చోలేకపోతున్నానని ఆమె దిగులు. కుర్చీలో కూర్చుని చేసుకోవచ్చని ఇమామ్ గారు చెప్పారట, అయినా మనసొప్పట్లేదు. డాక్టరమ్మ ఆ కుర్చీ ఎత్తు ఎంతుండాలో, లేచేటప్పుడు పాదాలు ఎంత వెనక్కి పెట్టాలో అరగంట చేయించింది. కుర్చీలోంచి లేవడమే ఆమెకి వ్యాయామం అయింది. రోజుకి అయిదు పూటలు, మానకుండా చేసే వ్యాయామం ఇంకెవరికుంది?

నా మిషను సంగతికి వస్తా. మే నెలలో స్కూలు యూనిఫాంలు వచ్చి పడ్డాయి. ఇక లాభం లేదని మిషనుకి మోటారు పెట్టించా. అది డాక్టరమ్మకి చెప్తే, ముందు నువ్వు తొక్కేది వీడియో తీసి చూపించు అంది. మా అబ్బాయి పక్క నుంచి తీశాడు. రెండుసార్లు చూసి, తొక్కడం వల్ల నష్టం లేదక్కా, కూర్చోవడం వల్ల అంది. మిషను కింద కాలితో తొక్కే పావటా తొక్కేటప్పుడు కదిలేది ఎక్కువగా చీలమండే, మోకాలు కొంచెమే వంగి లేస్తుంది. నాకు చీలమండకి కూడా అది మంచిదే. కానీ నా స్టూలు పొట్టిది. మోకాలు తొంభై కంటే ఎక్కువ వంగి రెండేసి గంటలు అలాగే ఉంటోంది, చిప్ప వెనక ఒత్తిడి పడుతోంది. సినిమా హాల్లో మూడు గంటలు కూర్చుని లేస్తే పట్టేసినట్టు. స్టూలు మీద పాత బొంత నాలుగు మడతలు వేసి మూడంగుళాలు లేపమంది. అరగంటకోసారి లేచి కాలు చాపాలి. పావటా మొదట పది నిమిషాలు, పొద్దున మోకాలు బాగుంటే పన్నెండు. నేను బాబిన్ అయిపోయినప్పుడల్లా లేవడం అని గుర్తు పెట్టుకున్నా. ఇప్పుడు మోటారు, పావటా రెండూ వాడుతున్నా. మోటారు పెట్టినాయన మాత్రం నన్ను అనుమానంగా చూస్తున్నాడు.

ఇక కోసేసిన ఆ ఒక్క స్టార్. మెట్లు, మొదటి కారణం. మొదటి నెల ఆ పంతొమ్మిది మెట్లే నాకు పెద్ద గండం. కింద ఒక గది చూసుకోమని అందరం చెప్తున్నాం, అద్దె కుదరట్లేదట. టైము ఇచ్చి కూడా నలభై నిమిషాలు కూర్చోబెట్టిన రోజులున్నాయి. జూన్‌లో కరెంటు పోతే ఇన్వర్టర్ ఫ్యాన్ ఒక్కటే, అది మంచాల వైపు తిరిగి ఉంటుంది, బెంచీ వైపు రాదు. నడక మెరుగవ్వాలంటే బరువు తగ్గమని ప్రతిసారీ చెప్తుంది. ఒంట్లో ఒక కిలో తగ్గితే ప్రతి అడుగుకీ మోకాలి మీద నాలుగు కిలోల భారం తగ్గుతుందట. చెప్పడం బాగానే ఉంది, కింద హోటల్లో ఉగ్గాని బజ్జీ వాసన సరిగ్గా ఆ కిటికీలోంచే వస్తుంది. ఇది ఆమె తప్పు కాదనుకోండి.

డబ్బుల విషయం. సిట్టింగుకి 300, ప్యాకేజీ లేదు, ఏ రోజుకి ఆ రోజు. మొదటి నెల వారానికి మూడుసార్లు పిలిచింది. రెండో నెల వారానికి ఒకటి. జూన్ నుంచి పదిహేను రోజులకోసారి, "ఇంట్లో చేసుకుంటున్నావు కదక్కా, ఊరికే ఎందుకు ఆటో ఖర్చు" అంటూ. కరెంటు ప్యాడ్లు అక్కడా ఉన్నాయి, నొప్పి ఎక్కువున్న రెండు రోజులు నాకూ పెట్టింది, వ్యాయామం చేయగలిగేలా. అది ముందు వచ్చే అల్పాహారం, భోజనం కాదంది. గోడ మీద బీపీటీ, అంటే ఫిజియోథెరపీ డిగ్రీ ఫ్రేము ఉంది. ఆమె చదివినప్పుడు అది నాలుగున్నరేళ్ళ చదువట. మొదట వెళ్ళిన చోట అలాంటిదేమీ చూసినట్టు గుర్తు లేదు, చూడాలని కూడా నాకు తెలియదు అప్పుడు.

ఆగస్టు చివరికి మోకాలు 128 వంగింది. కుడి తొడ పద్దెనిమిదిన్నర, ఇంకా అరంగుళం బాకీ ఉంది. కార్తీకంలో జగన్నాథగట్టు కొండ ఎక్కుతానంటే డాక్టరమ్మ, ఎక్కడం సరే, దిగేటప్పుడు చిప్ప మీద భారం ఎక్కువ, ముందు ఈ సెంటర్ మెట్లు కాలు మార్చి కాలు వేసి, రెయిలింగ్ పట్టకుండా దిగి చూపించు అంది. ప్రస్తుతం పన్నెండు మెట్లు దిగుతున్నా. పదమూడో మెట్టు దగ్గర చేయి దానంతటదే రెయిలింగ్ మీదికి పోతోంది.

వెళ్ళేవాళ్ళకి ఒక మాట, చీరలో వెళ్ళకండి. చుడీదార్ ప్యాంటు మోకాలి పైకి రాదు, నైటీతో కాలు ఎత్తలేరు. ఆ అవస్థ పడలేక నేనే ఒక ప్యాంటు కుట్టుకున్నా. నడుముకి ఎలాస్టిక్, పక్క కుట్టు తొడ మధ్య దాకా తెరిచి టిచ్ బటన్లు, మోకాలు మాత్రమే బయటికి వచ్చేలా. బ్రేసు మీద నుంచి కూడా ఎక్కుతుంది. బెంచీ మీద చూసి ముగ్గురు ఆర్డరిచ్చారు, నాలుగోది డాక్టరమ్మే సెంటర్లో ఉంచడానికని చెప్పింది. కొలతలు తీసుకునేటప్పుడు రెండు తొడలూ విడివిడిగా తీసుకుంటున్నా.